కొత్త కాని మామిడికాయ

మా ఇంటికి ఏడాదికి సరిపడా చింతపండు కొండ మీద నుంచే వస్తుంది. తెచ్చే మనిషి కూడా ఏళ్ళ తరబడి ఒక్కతే. చోడవరంలో మా వీధి మొదట్లో ఆమె గంప దించగానే నేను వెళ్ళి ముందు వాసన చూస్తాను. తర్వాత ఒక పొర విప్పి పిక్కలెన్ని ఉన్నాయో చూస్తాను. ఆ తర్వాతే బేరం. ఆమె కూడా తక్కువది కాదు. "అప్పా, మా సెట్టెక్కి నువ్వే రాల్చుకో, ఊరికే ఇచ్చెత్తాను" అంటుంది, నాకు అక్క వరస కలిపి. నేను గంప దగ్గర నుంచి నాలుగడుగులు వెనక్కి వేస్తాను, ఆమె గంప నెత్తికెత్తుకోబోతుంది, అప్పుడు ఇద్దరం ఒక మాట మీదికి వస్తాం. మా స్నేహం అంతా అలా దెబ్బలాడుకుంటూ పెరిగిందే.

ఒక ఏడాది ఆమె గంప లేకుండా వచ్చింది. వెనకాల సంచీ పట్టుకుని ఒక అమ్మాయి.

"ఈ గుంట నా కూతురు. నీ పెరటి గది ఇయ్యి అప్పా. పంతులమ్మ ట్రైనింగు సదువుతంది. హాస్టల్లో గడువైపోనాది."

"ఆ గదిలో పిడకలున్నాయి" అన్నాను.

"పిడకలు కరుత్తాయేటి? పక్కకి తోసుకుంటాది."

నిజం చెప్పాలంటే కొండ మనిషితో నా పరిచయం బేరం వరకే. ఇంట్లోకి తీసుకోవడం అనే ఆలోచన నాకు ఎప్పుడూ రాలేదు. కానీ మా కోడలు గుమ్మంలోనే నిలబడి ఉంది. నేను కాదంటే ఆ మాట పది మందికి చెబుతుందని నాకు తెలుసు. అద్దె బదులు ఏడాది చింతపండు, రెండు కొండ చీపుళ్ళు అని ఒప్పుకున్నాను.

వెళ్ళబోతూ ఆ తల్లి అసలు సంగతి చెప్పింది. ట్రైనింగులో చివర ఒక పరీక్ష ఉంటుందట. నిజం బడిలో, నిజం పిల్లలకి, అధికారి వెనక కూర్చుని వింటుండగా పాఠం చెప్పాలి. కిందటేడు ఈ పిల్ల నోరు తెరవగానే పిల్లలు నవ్వారట. ఆ నవ్వుకి బోర్డు వైపు తిరిగి, గంట కొట్టేదాకా అలాగే నిలబడిపోయిందట. పరీక్ష పోయింది. ఇంకొక్క అవకాశం మిగిలింది, మార్చిలో.

"ఈపాలి కూడా పోతే కొండెక్కెత్తాది అప్పా. పసుపు తవ్వుకుంటాది" అంది తల్లి. ఆ మాటలో కోపం లేదు, దుఃఖం లేదు. పసుపు తవ్వడం కూడా పనే కదా అన్నట్టు అంది. కానీ ఆ పిల్ల తల దించుకుని సంచీ తాడు వేలికి చుట్టుకుంటూ ఉంది. ఎంత గట్టిగా చుట్టుకుందంటే వేలు తెల్లబడింది. అది నేను చూశాను.

నా ఇంట్లో పద్ధతులు నాకున్నాయి. గదిలోంచి బయటికి వస్తే లైటు తీసెయ్యాలి. తలకి ఒక చెంబు నీళ్ళు తక్కువైనా పరవాలేదు, ఎక్కువ కాకూడదు. అన్నం మెతుకు కంచంలో మిగలకూడదు. ఆ పిల్లకి ఇవేవీ రెండోసారి చెప్పనక్కర్లేకపోయింది. పైగా మా కోడలు పారేసిన అగరొత్తుల డబ్బా తీసి సుద్దముక్కలు దాచుకుంది. అప్పుడే నాకు కొంచెం నచ్చింది.

సాయంత్రాలు నేను వాకిట్లో చింతపండు పిక్కలు తీస్తూ కూర్చుంటే తను కూడా వచ్చి ఒక దోసెడు ముందు పోసుకునేది. నేను నాలుగు పిక్కలు తీసేలోపు అది పది తీసేది. అలా పిక్కలు తీస్తూ ఒక రోజు తన చిన్నప్పటి సంగతి చెప్పింది.

వాళ్ళ ఊళ్ళో ఇంటి భాష వేరు. బడికి వచ్చే పంతులుది తెలుగు. ఒకటో తరగతిలో పంతులు ఏం చెబుతున్నాడో వీళ్ళకి తెలీదు, వీళ్ళు ఏం అడుగుతున్నారో పంతులికి తెలీదు. ఆయన మాత్రం రోజూ లోపలికి వస్తూనే పిల్లల వైపు చూసి ఒకే మాట అనేవాడట: "నోరు ముయ్యి!" రోజూ మొదటి మాట అదే కాబట్టి అది పెద్దలు కలిసినప్పుడు అనే దండం మాట అనుకుందట ఈ పిల్ల. ఇంటికి వెళ్ళి తండ్రి ఎదుట రెండు చేతులూ జోడించి, ఎంతో మర్యాదగా, "నోరు ముయ్యి" అందట.

"మరి మీ అయ్యేటన్నాడే?" అన్నాను.

"మా నాన్నకీ తెలుగు అంతంతే కదా మామ్మా. ఆయన కూడా చేతులు జోడించి 'నోరు ముయ్యి' అన్నాడు. మా ఊళ్ళో ఒక వారం రోజులు అందరమూ అలాగే అనుకున్నాము."

నాకు ఎంత నవ్వొచ్చిందంటే చింతపండు చేతులతోనే కళ్ళు తుడుచుకున్నాను, మంటెత్తి ఇంకో గంట నీళ్ళు కారాయి. మా కోడలు లోపల్నించి పరిగెత్తుకొచ్చి "అత్తా, ఏటయ్యింది, ఏడుత్తన్నావా?" అంది.

"నోరు ముయ్యి" అన్నాను దండం పెట్టి.

తర్వాత ఆ పిల్ల నవ్వకుండా అంది: "ఇప్పటికీ మా ఊరి పిల్లలు అలాగే కూర్చుంటున్నారు మామ్మా. రెండు భాషలూ తెలిసిన పంతులమ్మ ఒకర్తి ఉంటే చాలు. అందుకే నాకు ఈ పరీక్ష."

పరీక్ష మూడో తరగతికి అని తెలిశాక నాకు ఒక ఆలోచన వచ్చింది. నేను బడి మానేసింది మూడో తరగతిలోనే. తమ్ముడు పుట్టాడు, ఉయ్యాల ఊపడానికి మనిషి కావాలి అని మా అమ్మ పలక తీసి అటక మీద పెట్టింది. అంటే మూడో తరగతి పాఠాలు నాకు సగం బాకీ ఉన్నాయి.

"ఒసే, నాకు సెప్పు పాటం" అన్నాను. "నేనే నీ పిల్లలు."

అది నిలబడింది. గొంతు సవరించుకుంది. "బాలబాలికలారా, మీరు నిన్నటి దినమున ఏ ఏ ఆహార పదార్థములు స్వీకరించితిరి?"

నేను పిక్క తీయడం ఆపేశాను. "ఏటే అది? పురాణం సెప్తన్నావా, పాటం సెప్తన్నావా?"

అప్పుడు అర్థమైంది పిల్లలు ఎందుకు నవ్వారో. దీని తెలుగు తప్పని కాదు. మరీ తప్పులేని తెలుగు. ఇంట్లో వినక, వీధిలో ఆడక, పుస్తకంలోంచి ఒక్కొక్క మాటా ఏరుకుని నేర్చుకున్న తెలుగు. నాతో పిక్కలు తీసేటప్పుడు కొంచెం మనిషిలాగే మాట్లాడేది. నిలబడి చేతులు కట్టుకోగానే పుస్తకం అయిపోయేది.

"నిన్న ఏటి తిన్నారర్రా? అని అడుగు. అంతే."

"అలా అంటే అధికారి తప్పు అంటారేమో మామ్మా."

"అదికారి తినడేటి నిన్న?"

ఆ రోజు నుంచి రోజూ బడి. నేను మంచి పిల్లని కాను. అడ్డదిడ్డం ప్రశ్నలు వేసేదాన్ని, కావాలనే. పాఠం రుచుల గురించి: తీపి, ఉప్పు, కారం, చేదు, పులుపు. "టీచరు గారండీ, ఉల్లిపాయ ఏ రుచండీ?" అని అడిగితే అది పుస్తకం వెతుక్కునేది. "పుస్తకంలో ఉండదు, నీ నాలిక మీద ఉంటాది" అనేదాన్ని. మొదట్లో నా ప్రశ్నలకి బెదిరేది. రాను రాను అదే నన్ను గదమాయించడం మొదలుపెట్టింది. "వెనక బెంచీ మామ్మా, అల్లరి సేస్తే నిలబెడతాను!" ఆ 'సేస్తే' విన్నాక నాకు ధైర్యం వచ్చింది.

చార్టులు కొనాలంది. నేను కొననివ్వలేదు. ఎరువుల కొట్టువాళ్ళు ఇచ్చిన పాత కేలండర్లు మా ఇంట్లో బీరువా వెనక కట్టగట్టి ఉన్నాయి. వెనకవైపు తెల్లగా ఉంటుంది, మందంగా ఉంటుంది. వాటి మీద నాలుక బొమ్మ, బెల్లం బొమ్మ, కాకరకాయ బొమ్మ వేసింది. కాకరకాయ మొసలిలా వచ్చింది కానీ నేనేం అనలేదు.

ఇంక పరీక్ష నాలుగు రోజులుందనగా మా ఇంట్లో గొడవ వచ్చింది.

ఆ ఉదయం మా అబ్బాయి చీడికాడ నుంచి వస్తూ ఆ ఏటికి మొదటి మామిడికాయలు తెచ్చాడు. ఏ తోటలో కోశారో గానీ పచ్చిగా, గట్టిగా, పళ్ళు జివ్వుమనే పులుపుతో ఉన్నాయి. పప్పులో వేశాను. ఆ పిల్లకి అన్నంలో గరిటెడు వేయబోతే కంచం మీద చెయ్యి అడ్డం పెట్టింది.

"వద్దు మామ్మా. కొత్త అవ్వలేదు."

నాకు చిర్రెత్తింది. "కొత్త కాపోతే పాతదేటే? పొద్దున్నే సెట్టు మీద నుంచి దిగింది! సొన కూడా ఆరలేదు."

"అది కాదు మామ్మా. కొత్త ఇంకా అవ్వలేదు. అయ్యాక తింటాను."

"కొత్తమాసా? అమాసకింకా పది రోజులుంది. అప్పటిదాకా నీ కోసం పప్పు పొయ్యి మీదుంచనా?"

అది మజ్జిగ పోసుకుని తిని లేచింది. మా ఇంట్లో పప్పు వద్దన్నవాళ్ళు ఇంతవరకు లేరు. ఇదంతా నా వంట మీద చిన్నచూపని నేను నిశ్చయించుకున్నాను. మర్నాడు పాత మామిడికాయ ఊరగాయ వేస్తే తింది. ఆ మర్నాడు కొత్త ముక్కల పచ్చడి వేస్తే మళ్ళీ చెయ్యి అడ్డం. పాతది తిని కొత్తది వద్దనడం ఏమిటి? అంటే నామీదే కోపం. రెండు రోజులు మా మూడో తరగతి నడవలేదు. వాకిట్లో చింతపండు అలాగే ఉండిపోయింది.

దానికీ నాకూ మధ్య మా కోడలు నలిగిపోయింది. "అత్తా, పరీక్ష ఎల్లుండి. అడగొచ్చు కదా ఎందుకు తినదో!" అంది.

"నేనెందుకు అడగాలి?" అన్నాను.

అడగనక్కర్లేకపోయింది. ఆ సాయంత్రం దాని తల్లి చీపుళ్ళతో దిగింది. నేను అన్నీ కక్కేశాను. ఆమె అరుగు మీద కూర్చుని మొత్తం విని, నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

"మామిడి కొత్త, అప్పా. మా పండగ. దిసారని మా ముహూర్తాలు సెప్పే పెద్ద, ఆయన సుక్క సూసి రోజు సెప్పాలి. ఊరంతా కలిసి మొదటి కాయ దేవుడికి పెట్టాలి. అప్పుడు కొత్త అయినట్టు. అప్పటిదాకా సెట్టు కింద రాలినా ముట్టుకోము. కందికాయకీ అంతే, సిక్కుడుకీ అంతే. నిరుటి ఊరగాయకి నిరుడే అయిపోనాది కదా, అది తింటాది."

'కొత్త' అని అది అంటే నేను కొత్తకాయ అనుకున్నాను, అమావాస్య అనుకున్నాను. ఒకే మాట పట్టుకుని ఇద్దరం చెరో పక్కకి లాగాము.

అయినా నేను ఓడిపోయే రకం కాదు. పిల్ల వైపు తిరిగి అన్నాను: "ఇక్కడ ఎవలు సూత్తారే? మీ దిసారికి సోడవరం కనబడతాదేటి?"

"ఎవరూ చూడరు మామ్మా" అంది. "కానీ పంతులమ్మనయ్యాక మా ఊరి పిల్లలకి నేనే కదా పాఠం చెప్పేది. కిందికెళ్ళి చదువుకుంటే కొత్త తప్పొచ్చు అని వాళ్ళు నా దగ్గరే నేర్చుకుంటారు."

నేను చీపుళ్ళు లెక్కపెట్టడం మొదలుపెట్టాను. అప్పుడే ఇంకో సంగతి బయటపడింది. ఈలోపు కొత్త అయిపోతుందనుకుని, పులుపుకి తన లెసన్ ప్లానులో రాసుకున్నది మామిడికాయ. ముందు టీచరు తిని మొహం పెట్టాలి, తర్వాత పిల్లలకి ముక్కలు పంచాలి. దాని లెక్చరర్ సంతకం కూడా పెట్టేశాడట. రెండు రోజులుగా అది నోరు మెదపకుండా తిరిగింది నామీద కోపంతో కాదు, ఈ దిగులుతో.

"ఇంత సింతపండు ముందేసుకుని పులుపు కోసం ఏడుత్తావేటే?" అన్నాను. "ఇదేటి, తీపా?"

తల్లీ కూతురూ ఒకేసారి వాకిట్లో గుట్ట వైపు చూశారు. వాళ్ళ చెట్టుదే అది.

పరీక్ష నాడు ఒంటిపూట బడి. తెల్లారగానే తల దువ్వుకుని, కేలండర్లు చుట్టగా చుట్టుకుని, నాకు దండం పెట్టి వెళ్ళిపోయింది. కాసేపటికి చూస్తే కిటికీ గూట్లో చింతపండు పొట్లం అలాగే ఉంది. పులుపు లేకుండా రుచుల పాఠం! ఆటో పిలవమంది కోడలు. బడి ఎంత దూరమని? చెప్పులు వేసుకుని నేనే బయల్దేరాను. నా మోకాళ్ళు ఆ రోజు ఏ పూజ చేసుకున్నాయో గానీ ఎక్కడా ఆగలేదు.

తలుపు దగ్గరికి వెళ్ళేసరికి పాఠం మొదలైపోయింది. అధికారి వెనక బెంచీలో కాగితాల మీద ఏదో రాసుకుంటున్నాడు. నా గుంట నిలువుగా కర్రలా నిలబడి, "బాలబాలికలారా, నిన్నటి దినమున..." అంటోంది. ముందు వరసలో ఇద్దరు నోళ్ళు నొక్కుకుంటున్నారు. దాని చెయ్యి చీర కుచ్చెళ్ళు పట్టుకుని వేలికి చుట్టుకుంటోంది.

"ఒసే, పొట్లం మర్చిపోనావు!" అన్నాను. బడి అని కూడా చూసుకోలేదు.

అది నావైపు తిరిగింది. "మామ్మా, తెచ్చేవా! నేనింక ఏటి సెయ్యాలా అనుకుంతన్నాను!"

క్లాసు మొత్తం గొల్లుమంది. కానీ అది కిందటేటి నవ్వు కాదు. పంతులమ్మ మా వీధి మనిషిలా మాట్లాడిందన్న నవ్వు. ఆ నవ్వులో అది కూడా నవ్వేసింది. నవ్వుతూనే పొట్లం విప్పి, "సరే, నిన్న ఏం తిన్నారర్రా?" అని అడిగింది.

ఇంక చూడాలి. ఒకడు చేపల పులుసంటాడు, ఒకతె బజ్జీ అంటుంది, ఒకడు అమ్మ కొట్టిన దెబ్బలంటాడు. నేను తలుపు పక్కనే చతికిలబడ్డాను. ఇంతలో ఫ్యాను గాలికి చార్టు తిరగబడింది. కాకరకాయ పోయి వెంకటేశ్వరస్వామి వచ్చాడు. పిల్లలంతా టక్కున లేచి చేతులు జోడించారు. నా పొదుపు దాని కొంప ముంచిందని కళ్ళు మూసుకున్నాను. అది మాత్రం తొణకలేదు. "మొక్కుకున్నారు కదా, ఇప్పుడు ప్రసాదం. ఏ రుచో చెప్పాలి" అని బెల్లం పంచింది.

పులుపు దగ్గరికి వచ్చాక అధికారి పెన్ను ఆపాడు. "అమ్మా, ప్లానులో మామిడికాయ అని ఉంది. చింతపండు తెచ్చారేం?"

దాని వేలు కుచ్చెళ్ళ మీదికి వెళ్ళబోయి ఆగింది.

"మా ఊళ్ళో మామిడి కొత్త ఇంకా అవ్వలేదు సార్. పండగ చేసి దేవుడికి పెట్టేదాకా నేను తినకూడదు. నేను తినంది పిల్లలకి పెట్టలేను" అంది. తర్వాత పిల్లల వైపు తిరిగి కొత్త అంటే ఏమిటో చెప్పింది, కాయ ముదరకముందే అందరూ కోసేసుకుంటే చెట్టుకి ఏం మిగులుతుందో కూడా చెప్పింది. వాళ్ళమ్మ నాకు చెప్పినదానికంటే బాగా చెప్పింది.

ముందు వరసలో జడల పిల్ల చెయ్యెత్తింది. "టీచర్, మా నాయనమ్మ కూడా కొత్త బియ్యం అమ్మోరికి పెట్టకుండా వండదు!"

"మాకూ అంతే టీచర్!" "మాకు సెరుకు టీచర్!" అని ఇంకో నలుగురు.

అధికారి చెయ్యి చాపి తనూ ఒక చింతపండు రెబ్బ తీసుకున్నాడు. నోట్లో వేసుకుని ఒక కన్ను మూసి, రెండోది కూడా మూశాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు. కొండ మీది పాత చెట్టు చింతపండు. నేను ఏళ్ళ తరబడి ఊరికే బేరమాడుతున్నానా!

పాసైంది. ఆ కబురు వచ్చిన రోజు మా ఇంట్లో పప్పులో దోసకాయ వేశాను. మామిడికాయలు ఊరంతా రాశులు పోసినా ఇంటికి తేనివ్వలేదు. మా అబ్బాయి గొణిగాడు. "కొత్త అవ్వనీ" అన్నాను.

చైత్రంలో కబురొచ్చింది, దిసారి రోజు చెప్పాడని. దేవరాపల్లి దాకా బస్సు, అక్కణ్ణించి కొంత ఆటో, ఆపైన నడక. పిల్ల ముందు, దాని తల్లి వెనక, మధ్యలో నేను. ఊరు చేరేసరికి మొక్కులు అయిపోయి అందరూ చెట్ల కింద కూర్చుని ఉన్నారు. అడ్డాకుల దొన్నెల్లో మామిడి ముక్కలు. చిన్న పిల్లలు ఒక గుంపుగా వచ్చి నా చుట్టూ తిరిగి చూశారు. ఈ పిల్ల వాళ్ళతో వాళ్ళ భాషలో ఏదో అని, మళ్ళీ తెలుగులో, "మామ్మకి ఏం చెప్పాలి?" అంది. "కూర్చో మామ్మా!" అన్నారు అందరూ ఒకే గొంతుతో. అర్థం తెలిసే అన్నారు, ఒకడు పీట కూడా తెచ్చాడు.

అప్పుడు దాని తండ్రి వచ్చాడు. బక్కపలచటి మనిషి, తెల్లటి పంచె. నా ఎదుట ఆగి, రెండు చేతులూ జోడించి, తల వంచి, ఎంతో మర్యాదగా అన్నాడు:

"నోరు ముయ్యి, అప్పా."

ఊరంతా నా మొహం వైపే చూస్తోంది. కూతురు మాత్రం చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుతో కదిలిపోతోంది.

నేను పీట మీద నుంచి లేచి చేతులు జోడించాను. "నోరు ముయ్యి, తమ్ముడూ" అన్నాను. ఆ తర్వాత మామిడి ముక్క నోట్లో వేసుకుని, ఆ పులుపుకి నిజంగానే మూసుకున్నాను.